జంట పున్నమి లెక్క

తెల్లవారుజామున ఐదుంపావుకి కంచరపాలెంలో కంపెనీ బస్సెక్కే ఆడవాళ్ళలో ఫ్లోరా ఒకతె. ఎమ్మెస్సీ కెమిస్ట్రీ చదివింది. అచ్యుతాపురంలోని ఒక మందుల ఫ్యాక్టరీ ల్యాబులో ఉద్యోగం. మూడు రోజులు పన్నెండేసి గంటల పని, నాలుగో రోజు సెలవు. ఇంటికొచ్చాక మోచేతుల దాకా రెండుసార్లు సబ్బు పెట్టి కడుక్కుని, జుట్టు వాసన చూసుకుని గానీ కూతుర్ని ముట్టుకోదు. ఏ ఆవిరి ఊపిరితిత్తుల్ని ఏం చేస్తుందో చదువుకున్న మనిషి. తెలియనివాళ్ళకుండే ధైర్యం ఆమెకు లేదు.

భర్త బెన్సన్ పోర్టులో ఇనుప ఖనిజం ఎత్తిపోసే బండి నడుపుతాడు. ఐదు రోజులు పని, ఆరో రోజు సెలవు. కనురెప్పల మీద కూడా ఎర్ర దుమ్ముతో ఇంటికొస్తాడు.

వాళ్ళ కూతురు కేథరిన్ మూడో తరగతి. ఆ పిల్లకు ఆదివారాలతో పనిలేకుండా పోయింది. అమ్మ ఉండే రోజు ఒకటి, నాన్న ఉండే రోజు ఒకటి. మిగతా రోజులన్నీ మామ్మ జయమణివి. జనవరి రెండో తేదీన, ఇద్దరికీ సెలవు కలిసిన రోజున, రూళ్ళ పుస్తకం తీసి సొంతంగా ఒక లోకం మొదలుపెట్టింది. పేరు జుంబాలి. అక్కడి ఆకాశంలో రెండు చందమామలు. తెల్లది నాలుగు రోజులకోసారి నిండుతుంది, ఎర్రది ఆరు రోజులకోసారి. రెండూ ఒకే రోజు నిండితే జంట పున్నమి. దాంతో అక్కడ ఏడాది పూర్తవుతుంది. ఆ రోజునే అందరికీ ఒక ఏడు వయసు పెరుగుతుంది. లోకం పుట్టిన రోజున మాత్రం అందరి వయసూ సున్నా.

పన్నెండు రోజులకో ఏడాది. క.సా.గు. అనే మాట తెలియని పిల్ల నాలుగుకీ ఆరుకీ క.సా.గు. కట్టిందని ఫ్లోరా మురిసిపోయింది. ఏ చందమామ ఎవరో మాత్రం పిల్లను అడగలేదు. అడగక్కర్లేదు.

ఏప్రిల్ నెలాఖరుకి కేథరిన్‌కి ఇక్కడ ఎనిమిదేళ్ళు, జుంబాలిలో తొమ్మిది. మే ఒకటిన పోర్టు కాంట్రాక్టరు బ్యాచీలు మార్చాడు. బెన్సన్ సెలవు ఒక్క రోజు వెనక్కి జరిగింది.

"ఒక్క రోజేగదా, ఏటైపోద్ది?" అన్నాడు బెన్సన్.

జూలైలో పిల్ల పుస్తకం పట్టుకుని వచ్చింది. "అమ్మా, నాకు పదేళ్ళు ఎప్పుడొస్తాయి? ఈ చందమామలు కలవట్లేదు."

"వస్తాయమ్మా, ఇంకొన్ని రోజులు."

మర్నాడు బస్సులో కూర్చుని లెక్క కట్టాక గానీ తాను ఎంత అబద్ధం చెప్పిందో ఫ్లోరాకు తెలియలేదు. ఆ పంచాంగంలో తెల్ల చందమామ ఎప్పుడూ సరి రోజునే నిండుతుంది. ఒక్క రోజు జరిగిన ఎర్రది ఎప్పుడూ బేసి రోజునే. వందేళ్ళు ఎదురుచూసినా రెండూ కలవవు. ఇద్దరిలో ఒకరు ఇంకో రోజు జరగాలి.

బెన్సన్ పోర్టులో అడిగి చూశాడు. నీలాంటోళ్ళు గేటు బయట వందమంది ఉన్నారన్నారట. ఇక మిగిలింది ఆమె.

సూపర్‌వైజర్ నీలకంఠం తలెత్తకుండానే విన్నాడు. "ఒక్క రోజు జరపమంటే ఎలాగ మేడమ్? ఇరవైరెండు మంది రోస్టరు కదల్చాలి. పాపకి ఒంట్లో బాగోలేదా ఏటి?"

"బాగానే ఉంది సార్."

"మరేటి?"

రెండు చందమామల సంగతి ఆయనతో ఎలా చెప్పడం? "పుట్టినరోజు," అంది.

"పుట్టినరోజు ఏడాదికోపాలి వస్తాది. దానికి రోస్టరు శాశ్వతంగా మార్సెయ్యమంటారేటి?"

"నాలుగో రోజు కూడా నేనే చేస్తాను సార్. అయిదో రోజు సెలవివ్వండి. అక్కణ్ణించి మామూలే."

ఆయన అప్పుడు తలెత్తాడు. "అయితే మీ ఇష్టపూర్వకంగానే సేత్తన్నట్టు రాసివ్వండి. రేపు ఎవడైనా అడిగితే నా మెడకి సుట్టుకోకూడదు."

రాసిచ్చింది.

ఆ లెక్కన రెండో శనివారం నాడు ఇద్దరికీ సెలవు. బడి కూడా లేదు. పదింటి బస్సుకి ముగ్గురూ భీమిలి వెళ్ళాలని, బొబ్బట్లంత గవ్వలు ఏరుకోవాలని కేథరిన్ వారం ముందే తీర్మానించింది.

వరసగా నాలుగో రోజు పన్నెండు గంటలూ నిలబడి శుక్రవారం రాత్రి ఇల్లు చేరిన ఫ్లోరా, శనివారం ఐదింటికే లేచి పులిహోర కలిపింది. ఏడింటికి బెన్సన్ నైట్ డ్యూటీ దిగి వచ్చాడు. స్నానాల గదిలోంచి ఎర్రనీళ్ళు చాలాసేపు పారాయి. "పది నిమిషాలు నడుం వాల్సుతాను, లేపెయ్," అని మంచమ్మీద పడ్డాడు. ఎనిమిదిన్నరకి లేపడానికి వెళ్ళిన ఫ్లోరా, అతను లేచేలోగా ఒక్క క్షణం కళ్ళు మూసుకుందామని పక్కన ఒరిగింది.

కళ్ళు తెరిచేసరికి కిటికీలోంచి పడమటి ఎండ. ఐదుకి పావు తక్కువ. గది తలుపు చేరవేసి ఉంది. ఫ్యాను చప్పుడు తప్ప ఇంట్లో ఏ చప్పుడూ లేదు.

బయటికి పరిగెత్తింది. గడప మీద కేథరిన్ నీలం గౌనులో, చెప్పులు వేసుకుని కూర్చుంది. పక్కన జయమణి.

"లేపలేదేంటి అత్తా?" అంది ఫ్లోరా.

"నాను లేపబోతే ఇదే సెయ్యట్టుకుని లాగేసినాది. టీవీ ఎట్టనియ్యదు, కుక్కరెట్టనియ్యదు. పక్కింటి సీతాలొచ్చి కేకేత్తే, ఎల్లి దాని నోరు మూసినాది!"

ఫ్లోరా పిల్ల ఒళ్ళోని పుస్తకం తీసుకుంది. కొత్త పేజీ. పైన రెండు నిండు చందమామలు, రెండింటికీ మూసిన కళ్ళు. కింద రాసి ఉంది:

పదో సంవత్సరం వచ్చింది. జంట పున్నమి రోజు ఎవ్వరూ మాట్లాడకూడదు. ఎక్కడికీ వెళ్ళకూడదు. చందమామల్ని లేపితే చచ్చిపోతాయి.

"టైమెంతయింది? బస్సు..." అంటూ బెన్సన్ తడబడుతూ తలుపు తీసుకుని బయటికొచ్చాడు. పిల్ల వెంటనే పెదాల మీద వేలు పెట్టింది. అతను గుమ్మంలోనే ఆగిపోయాడు.

"ఇప్పుడెళ్దాం పదమ్మా. ఆటో మాట్లాడుకుని వెళ్దాం," అంది ఫ్లోరా.

కేథరిన్ తల అడ్డంగా ఊపింది.

"ఆ రూలు కొట్టెయ్యవూ? రబ్బరు ఇవ్వు, నేను చెరిపేస్తాను."

"పెన్నుతో రాశానమ్మా," అంది పిల్ల, వినపడీ వినపడనంత మెల్లగా.