రాజు మళ్లీ లేచిన మధ్యాహ్నం

రత్తమ్మ తెనాలిలో ఒక నాటకాల కంపెనీలో పుట్టింది. తల్లి రాణి వేషం కట్టేది. కూతురు పొడవుగా పెరిగింది, గొంతు పలికింది. రాజు వేషం ఇచ్చారు. మీసం అంటించుకున్న ఆ అమ్మాయి కోసం జనం చాపలు చంకన పెట్టుకుని బండ్ల మీద వచ్చేవారు.

ఆఖరి అంకంలో రాజు పద్యం పాడి చనిపోతాడు. జనం వన్స్‌మోర్ అంటారు. చనిపోయిన రాజు లేచి, అదే పద్యం మళ్లీ పాడి, మళ్లీ చనిపోవాలి. అది నాటకాల మర్యాద. రత్తమ్మ ఎన్నడూ తప్పలేదు.

మద్రాసు వెళ్లి రెండు సినిమాలు చేసింది. తెర మీద కదిలిన పెదవులు ఆమెవి. గొంతు వేరొకరిది. తిరిగి వచ్చేసరికి కంపెనీ పరదాలు అమ్ముకుంటోంది. ఆ తర్వాత పెళ్లిళ్లకు వంట చేసింది. భర్త పోయాక, వయసు మళ్లాక, సౌదీలోని ఉనైజాలో ఒక ఇంట్లో పనికి కుదిరింది. అక్కడ ఆమెను ఎవరూ పాడవద్దనలేదు. పాడమనీ అనలేదు.

2005లో ఆమె మెడ వాచింది. ఆమెను పనికి రప్పించుకున్న యజమాని, కఫీల్, ఆస్పత్రిలో చేర్పించాడు. గడ్డ కోసి తీయాలి, గొంతు మారవచ్చు అన్నాడు డాక్టరు. బాపట్ల నుంచి వచ్చిన నర్సు ప్రేమజ్యోతి ఆ సంగతి తెలుగులో చెప్పింది.

“మాట పోతే పోనీ సిస్టరమ్మా. ఇక్కడ నాతో మాట్లాడేదెవరు? రాగం పోతే మాత్రం ఇంక నేనెవర్ని?”

“ఇన్నేళ్లూ ఎవరికి పాడావు పిన్నీ, ఉల్లిపాయలకా?”

“ఉల్లిపాయలు వన్స్‌మోర్ అనవుగా.”

ఆపరేషన్ అయింది. కొన్నాళ్లు మౌనంగా ఉండమన్నారు, ఉంది. గొంతు విప్పవచ్చని చెప్పిన మధ్యాహ్నం వార్డు నిండా చూడవచ్చిన ఆడవాళ్లు ఉన్నారు. ఫ్లాస్కుల్లోంచి గహ్వా, అక్కడి కాఫీ, వంపుకుంటున్నారు. రత్తమ్మ లేచి కూర్చుని, కళ్లు మూసుకుని, రాజు చివరి పద్యం ఎత్తుకుంది.

పై షడ్జం దగ్గర, గొంతు ఎక్కి నిలవాల్సిన చోట, చీలిపోయింది. ఆమె ఆగింది. గోడ వైపు తిరిగి పడుకుంది.

పక్క మంచం మీద, ఖర్జూరపు తోటల నుంచి వచ్చిన ముసలామె అరబ్బీలో అంది: “మర్రా సానియా.”

ఇంకొకసారి అని. రత్తమ్మకు ఎవరూ అర్థం చెప్పనక్కర్లేదు. ప్రేమజ్యోతి వద్దని తల ఊపింది. రత్తమ్మ అప్పటికే లేచింది.

ఈసారి శ్రుతి తగ్గించుకుంది. గొంతు అడుగున గరుకుగా కదిలి, నెమ్మదిగా ఎక్కి, పైన నిలిచింది. పాత గొంతు కాదు. ఇంకా పెద్దది. గహ్వా పోస్తున్న చెయ్యి గాలిలో ఆగిపోయింది. ఏడుస్తున్న పసిబిడ్డ ఏడుపు మరిచింది. భాష తెలియని ఆ ఆడవాళ్లందరికీ ఎవరో రాజు చనిపోతున్నాడని తెలిసింది.

పద్యం ముగిసింది. ఆమె వెనక్కి ఒరిగిపోయింది. ప్రేమజ్యోతి పరుగున వచ్చి నాడి పట్టుకుంది.

కళ్లు తెరవకుండానే రత్తమ్మ గొణిగింది. “చెయ్యి వదులు సిస్టరమ్మా. రాజు పోయాడు. ఇంకా తెర పడలేదు.”

ప్రేమజ్యోతి మంచం చుట్టూ ఉన్న పరదాను మెల్లగా లాగింది.