అన్వరి బేగం రాసిన నలభై ఒక్క కార్డులు

నాకున్నది అనుమానపు జబ్బు. కామారెడ్డిలో ముప్పయ్యేళ్లు పరీక్ష పేపర్లు దిద్దినవాడికి అది రాకుండా ఎలా ఉంటుంది? రెండు పేపర్లు ఒకేలా కనిపిస్తే చాలు, మూడోదీ కాపీయే అనుకునేవాణ్ణి. అందుకే తొంభై ఆరులో కేబుల్ బాలమల్లు తన లోకల్ ఛానల్లో పాటల పోటీ పెట్టి, ఓట్ల కార్డులు చూడటానికి నన్ను కూర్చోబెట్టాడు.

ఆ పోటీ మా ఊళ్లను ఊపేసింది. పాడేవాళ్లు సినిమావాళ్లు కాదు, పక్కింటివాళ్లే. ఎవరు గెలవాలో టీవీ చూసేవాళ్లు పోస్టుకార్డు మీద రాసి పంపాలి. ఆదివారం టీవీ ఉన్న ఇంట్లో కాలు పెట్టే చోటుండేది కాదు. చివరికి ఇద్దరు మిగిలారు: దోమకొండ టైలరు ఒకడు, ఎల్లారెడ్డి బీడీల వాడకట్టు నుంచి సాలవ్వ.

కార్డులు వచ్చాయి. ఎల్లారెడ్డివి నలభై ఒక్కటి, అన్నీ ఒకే చేతిరాత. గుండ్రని అక్షరాలు, కింద పేరు, వేలిముద్ర. రాత చూసి ఆగిపోయాను, రాసింది చదవలేదు. టీవీలో గట్టిగానే చెప్పాను, ఇది మోసం, ఈ కార్డులు చెల్లవని. సాలవ్వ ఓడిపోయింది. అవి కలిపినా ఓడేదేనని తర్వాత తేలింది, అది వేరే సంగతి.

ఆ రాత అన్వరి బేగంది. ఆమె కూడా బీడీలు చుట్టేదే, కాకపోతే ఏడో తరగతి దాకా తెలుగు చదివింది. వాడకట్టులో చాలామంది ఆడవాళ్లకు రాయడం రాదు. దుబాయికో బొంబాయికో పోయిన మగవాళ్లకు ఉత్తరాలన్నీ ఆమే రాసిపెట్టేది. పైసలు పుచ్చుకునేది కాదు. ఆమె రాస్తున్నంతసేపూ చెప్పేవాళ్లు ఆమె చాటలోని బీడీలు చుట్టేవారు. ఒక్కొక్కరినే లోపల కూర్చోబెట్టుకునేది. ఎవరి కడుపులో ఏముందో ఆమెకు తెలుసు, పెదవి దాటనిచ్చేది కాదు. ఓటు కార్డులూ అలాగే రాసింది.

నా మాట టీవీలో వచ్చాక వాడకట్టు ఆమెను వింతగా చూడసాగింది. "కార్డుల్ల గిట్ల చేసినామె మన ఉత్తరాల్ల ఏం రాసిందో?" అని మొదట అన్నది భూదవ్వ, సాలవ్వ తోటికోడలు. ఇంకా పోస్టు డబ్బాలో వేయని ఉత్తరాన్ని ఒకామె బడిపంతులుతో చదివించి చూసుకుంది. వారం రోజులు అన్వరి బేగం గడప ఎవరూ తొక్కలేదు.

ఆమె బస్సెక్కి నా దగ్గరికి వచ్చింది. "సారూ, కార్డులు సదివిన్రా?" అంది.

అప్పుడు చదివాను. తల కొట్టేసినట్టయింది. నలభై ఒక్కటిలో పంతొమ్మిది దోమకొండ టైలరుకే! వాటిలో భూదవ్వదీ ఉంది. మోసమే చేసేదైతే అవతలివాడికి పంతొమ్మిది ఎందుకు రాస్తుంది?

"ఇవి చూపిస్తే నీ మీద మాట పోతుందమ్మా," అన్నాను.

"వద్దు సారూ. అందరు సాలవ్వకే ఏసినమని ఆమె ముంగట ఒట్టేసిన్రు. గవి బయట వడితే వాడకట్టు కొట్టుకొని సస్తది. తప్పు మీదని చెప్పున్రి, సాలు."

జరిగింది బాలమల్లుకు చెప్పి, టీవీలో క్షమాపణ చెబుతానంటే అతని కళ్లు మెరిశాయి. "మాఫీ ఎందుకు సార్? ఆమెనే కెమెరా ముందర కూసోబెడదాం. జనం ఎగవడి చూస్తరు."

కూర్చోబెట్టాడు. "ఎవరు ఎవరికి ఏసిన్రో చెప్పు. నీ మచ్చ పోతది," అని గుచ్చిగుచ్చి అడిగాడు.

"చెప్ప."

"అంటే అన్ని నువ్వే రాసుకున్నట్టేనా?"

"రాసింది నేను. చెప్పింది వాళ్లు. వాళ్లు నాతోని చెప్పింది నేను చెప్ప."

తప్పు నాదేనని నేనూ కెమెరా ముందే ఒప్పుకున్నాను. ఆదివారం చూస్తే నా ముక్క లేదు, కోసేశాడు. తల వంచుకున్న ఆమె ముఖాన్ని మాత్రం నాలుగుసార్లు చూపించాడు, దొంగలా కనిపించేట్టు. నాకు ఒళ్లు మండిపోయింది.

సోమవారం క్షమాపణ చెప్పుకుందామని ఎల్లారెడ్డి వెళ్లాను. ఇక ఆమెను ఎవరు నమ్ముతారని దారంతా కుమిలాను. తీరా చూస్తే ఆమె అరుగు మీద నలుగురు ఆడవాళ్లు ఇన్లాండు కవర్లు పట్టుకుని కూర్చున్నారు. ఊరంతా టీవీలో ముఖం చూస్తే, వీళ్లు ఆమె అన్న మాట విన్నారు. లోపల భూదవ్వ దుబాయిలోని మొగుడికి ఏదో చెబుతోంది, అన్వరి బేగం రాస్తోంది.

గడపలో నన్ను చూడగానే భూదవ్వ టక్కున ఆపేసింది.

"ఆగక్కా," అంది. "ఆ సారును పోనీ. తర్వాత చెప్త."