అక్క రాసిన చివరి లైను

ప్రాచీన రోమన్, తొలి క్రైస్తవ ఉత్తరాల గురించి చెప్పే శనివారం క్లాసుకు వెళ్తున్నాను. ఈ రోజు మేడమ్ ఒక ఉత్తరం ఫోటో చూపించారు. అంతా లేఖకుడి చక్కటి చేతిరాత. చివరి లైను మాత్రం పంపినావిడ సొంతంగా రాసిన వంకర అక్షరాలు. “మనకు విలువైనది ఇదే,” అన్నారు మేడమ్.

నేను హాస్టల్లో ఉన్నప్పుడు, బొమ్మసంద్ర ఫ్యాక్టరీలో పనిచేసే మా అక్క కూడా తన రూమ్మేటుతో నాకు ఉత్తరం రాయించి, కింద ఒక్క లైను తనే రాసేది. కొన్నాళ్లకు ఆ లైను రాయడం మానేసింది. క్లాసు అయ్యాక ఫోన్ చేసి ఎందుకని అడిగాను.

“నువ్వే కదప్పా, కోడి కెలికినట్లుండాది, ఇంక రాయొద్దంటివి!” అని నవ్వింది.

ఆ ఉత్తరాల్లో ఒక్కటీ దాచుకోలేదు. మీరూ ఎవరి చేతైనా ఇలా రాత మాన్పించారా? నేనైతే ఇప్పుడు వారం వారం కళ్లజోడు పెట్టుకుని, ముక్కూమొహం తెలియని వాళ్ల కోడిగీతలు కూడబలుక్కుంటున్నాను.