నాన్న వెళ్లని వాయిదా

శ్రీకాకుళంలో నా చిన్నప్పుడు మా నాన్నకు గోనెసంచుల కొట్టు ఉండేది. సరుకు విజయనగరంలో ఒక షావుకారు పంపేవాడు. మూడు నెలల్లో డబ్బు చెల్లిస్తానని నాన్న హుండీ కాగితం మీద సంతకం చేసి ఇచ్చేవాడు. ఏళ్ల తరబడి అలాగే సాగింది. ఒక ఏడు నాగావళి పొంగి కొట్టులోకి నీళ్లొచ్చాయి. సంచులు ఎన్నాళ్లు ఎండబెట్టినా మురుగు వాసన పోలేదు, ఎవరూ కొనలేదు. హుండీల గడువులు ఒక్కొక్కటే దాటిపోయాయి.

అమ్మ నా పసితనంలోనే పోయింది. ఇంట్లో నాన్న, నాన్నను కన్న మామ్మ, నేను. ఆ రోజుల్లో నాన్న మాట్లాడడం బాగా తగ్గించేశాడు. అన్నం ముందు కూర్చుని కలుపుతూనే ఉండేవాడు. మేము చూసీ ఊరుకున్నాం.

ఒకనాడు మామ్మ, నాన్న పరుపును ఎండలో వేయబోతే దాని కింద మడతపెట్టిన కాగితం దొరికింది. ఆమెకు చదువు రాదు. "సదవే, ఏటుందో" అని నా చేతికిచ్చింది. నాకప్పుడు తొమ్మిదేళ్లు. కూడబలుక్కుంటూ చదివాను. హుండీల బాకీ కోసం షావుకారు దావా వేశాడని, నాన్న కోర్టుకు హాజరు కావాలని ఉంది. ఆ తేదీ ముందురోజుది. ఆ రోజు నాన్న ఉతికిన చొక్కా వేసుకుని వెళ్లి, పొద్దుగూకాక వచ్చాడు.

మామ్మ నా చెయ్యి పట్టుకుని కోర్టుకు నడిచింది. అక్కడి ముసలి గుమాస్తా కట్ట విప్పి చూశాడు. "మూడుసార్లు పేరెట్టి పిల్సినారు మామ్మా. ఎవులూ పలకనేదు. బాకీ కట్టాలని డిక్రీ అయిపోనాది. వొచ్చి కంతులుగా కడతానని అడిగితే జడ్జీగారు వినేవోరే" అన్నాడు. కాగితం అందలేదని చెప్పి కేసు మళ్లీ తెరిపించడానికీ లేదు. అందినట్టు నాన్న సంతకం ఉంది.

మామ్మా నేనూ ఇంటికి తిరిగొచ్చాం. ఇంట్లో నాన్న గోడవైపు తిరిగి పడుకుని ఉన్నాడు. ఇప్పుడు తిట్లు మొదలవుతాయని నేను గుమ్మం దగ్గరే ఆగిపోయాను. మామ్మ వెళ్లి పక్కన కూర్చుని, వీపు మీద చెయ్యి వేసింది.

"బయమేసిందేట్రా?"

నాన్న ఇటు తిరగకుండానే, "గేటు దాకా ఎల్లినానమ్మా. కాళ్లు రానేదు" అన్నాడు. అంత మనిషి భుజాలు కదిలిపోయేలా ఏడ్చాడు. పెద్దవాళ్లకూ నాలాగే భయమేస్తుందని నాకు ఆ రోజే తెలిసింది.

కొట్టు వేలంలో పోయింది. నాన్న అదే వీధిలో ఇంకొకరి కొట్టులో గుమాస్తాగా చేరాడు. మొదటి రోజు మామ్మ కూడా ఆయన వెంట నడిచి, మా పాత కొట్టు దాటేదాకా ఉండి వెనక్కి వచ్చింది.

తర్వాత నేను పంతులమ్మనయ్యాను. పరీక్షలు దగ్గరపడ్డాక మాటా పలుకూ మానేసిన పిల్లలు కనిపిస్తే పక్కకు పిలిచి, "భయంగా ఉందా?" అని అడిగేదాన్ని. కొందరు లేదనేవారు, కొందరు నా కొంగు పట్టుకుని ఏడ్చేవారు. ఆ ఒక్క మాట నాన్నను వాయిదాకు ముందురోజు రాత్రి మాలో ఎవరమైనా అడిగి ఉంటే ఆయన ఆ గేటు దాటేవాడేమో. ఆ బాధ మాత్రం ఈ వయసులోనూ నన్ను వదల్లేదు.