జాలీ వెనక మంద్రం

పొద్దున్నే ఒర్సొలా వంటింటి కిటికీ తెరిచి, కింద కాలువలో పడవ మీద పోతున్న నూనెవాణ్ణి కేకేసింది. "వస్తున్నా బాబుగారూ!" అని బదులొచ్చింది. తల పైకెత్తి చూశాక వాడు నాలిక కరుచుకున్నాడు. పాపం, కొత్తవాడు. పాతవాడైతే "ఏం ఒర్సొలక్కా, పీపాలో కూర్చుని పిలుస్తున్నావా?" అని ఉండేవాడు.

ఒర్సొలాకి నలభై దాటాయి. పుట్టిన కొన్నాళ్లకే ఎవరో ఆమెను శరణాలయం గోడలోని తిరుగుడు పెట్టెలో పెట్టి గంట కొట్టి వెళ్లిపోయారు. అప్పటినుంచీ వెనిస్ అంటే ఆమెకు ఆ గోడలూ, ఆ కిటికీలో కనిపించినంత కాలువా. ఆ ఇంట్లో ఆడపిల్లలందరికీ సంగీతం చెబుతారు. అబ్బినవాళ్లు ఆదివారం పక్కనున్న చర్చి గుడిలో పాడతారు, వాయిస్తారు. తల్లిదండ్రుల పేర్లు లేవు కాబట్టి ఎవరు ఏది వాయిస్తే, ఏ స్థాయిలో పాడితే అదే ఇంటిపేరు. ఈమెను మంద్రం ఒర్సొలా అన్నారు. పద్నాలుగో ఏట తోటిపిల్లల గొంతులు పైకి ఎక్కుతుంటే ఈమెది బావిలో పడ్డ చేదలా కిందికి జారింది. జారింది మళ్లీ పైకి రాలేదు. మొదట్లో ఏడ్చింది. తరవాత ఒకరోజు వరసలో నిలబడి ఆ కింది స్వరం పట్టుకునేసరికి కాళ్ల కింద చెక్కలు వణికాయి. ఆ రోజుతో ఏడుపు ఆగిపోయింది.

ఆ ఇంట్లో తిండి అందరిది, మంచాలు అందరివి, పండగ రోజున కట్టుకునే ఎర్ర గౌన్లు కూడా అందరివీ. తనది అని ఒర్సొలా చెప్పుకోగలిగింది ఒక్కటే. పాటలో అన్నిటికన్నా కింద నడిచే ఆ వరస.

పాడేవాళ్లు గుడిలో పైన గ్యాలరీలో ఇనప జాలీ వెనక నిలబడతారు. కింద కూర్చున్నవాళ్లకు గొంతులు వినిపిస్తాయి, మనుషులు కనిపించరు. గుడి కనక చప్పట్లు కొట్టకూడదు. వెనిస్‌ వాళ్లు పాట నచ్చితే దగ్గుతారు. బాగా నచ్చితే ముక్కులు చీదుతారు, కుర్చీలు నేలమీద గీరుతారు. మంచి సంగీతం విన్న సాయంత్రం ఆ గుడి ముందునుంచి వెళ్తే లోపల ఊరంతటికీ ఊపిరితిత్తుల జబ్బు చేసిందనుకోవాలి.

ఆ ఇంటి సంగీతం రాసేది డోన్ ఇసెప్పో అనే ఫాదరు. నెలకు ఇన్ని కొత్త రచనలివ్వాలని ఒప్పందం. అందుకని చేతికి సిరా ఆరేది కాదు. గత ఏడాది నాటకశాలలో ప్రియుడు పాడిన వరసే ఈ ఏడాది గుడిలో ప్రార్థనగా వినపడేది. "ఒకే బట్ట. అక్కడ తెర కుట్టాడు, ఇక్కడ బల్ల మీద పరిచాడు" అని పోటీ రచయితలు ఎద్దేవా చేసేవాళ్లు. కానీ ఆ చలికాలం కొవ్వొత్తుల పండగకని రాసిన సాయంకాలపు కీర్తన మాత్రం ఎక్కడినుంచీ తెచ్చింది కాదు. సముద్రపు లోతుల గురించి ఒక చరణం ఉంది అందులో. స్వరం మెట్లు మెట్లుగా దిగుతూ పోతుంది. ఇక ఇంతే అనుకున్న చోట ఇంకో మెట్టు దిగుతుంది.

"ఇది ఎవరు పాడతారు మాస్టరుగారూ?" అంది ఒర్సొలా, కాగితం చూడగానే తెలిసినా.

"నూనెవాడు పాడతాడు. అడగడానికి సిగ్గులేదూ?"

ఇంతలో చిన్న ప్రమాదం జరిగింది. క్రిస్మస్ ముందు ఆదివారం ఒర్సొలాకి జలుబు చేసింది. రెండు పాటల మధ్య ఆపుకోలేక జాలీ వెనక ఒక్క దగ్గు దగ్గింది. దగ్గు ఎప్పుడూ కిందినుంచి పైకి పోవాలి. పైనుంచి కిందికి వచ్చిన మొదటి దగ్గు అదే. అదీ బండరాయి దొర్లినట్టు! గుడంతా ఒక్కసారి తలెత్తింది. సోమవారానికి కాఫీ అంగళ్లలో ఒకటే మాట. ఆ ఆడపిల్లల మధ్య ఓ మగ సన్యాసిని దాచారట, పాపం ఆయనకు పడిశం పట్టిందట.

శరణాలయం ధర్మకర్తలకు నవ్వు రాలేదు. వాళ్ల పెద్ద వచ్చి డోన్ ఇసెప్పోని నిలబెట్టి చెప్పాడు.

"ఆ కింది వరస మనిషెత్తు వయొలిన్‌కి ఇచ్చెయ్యండి. ఆవిడ పెదవులు మూసుకుని నిలబడుతుంది. పుకారు పోతుంది."

"ఆమె ఆడది అని నలుగురికీ చూపిస్తే పోదూ, అయ్యా?"

"చూపిస్తే నియమం పోతుంది. పాడే పిల్లలు బయటివాళ్లకు కనపడకూడదు."

"అయితే ఏం చెయ్యమంటారు?"

"కొవ్వొత్తుల పండగ నాటికి పుకారు దానంతట అది చస్తే సరే. లేకపోతే వయొలిన్."

ఆ పెద్ద వయొలిన్ వాయించేది మెనెగా, ఒర్సొలా పక్క మంచం. రాత్రి తిండి దగ్గర మొక్కజొన్న సంకటి ముద్ద నోట్లో పెట్టుకుంటూ "నాకొద్దే నీ చరణం. నా తీగలకు సముద్రం తెలీదు" అంది. ఒర్సొలా ఉల్లిపాయలు వేసి ఊరబెట్టిన కవ్వళ్ల చేపలు తన పళ్లెంలోవి కూడా దానికి వేసేసి లేచిపోయింది. ఆవిడ కవ్వళ్లు వదిలెయ్యడం ఎవరూ ఎరగరు.

పుకారు చావలేదు సరికదా, పందెమై కూచుంది. హాంబర్గు నుంచి వచ్చిన రైమర్స్ అనే వర్తకుడు ఆ గొంతు మగవాడిదేనని ఒక పీపా మల్వాజియా ద్రాక్షసారా ఒడ్డాడు. కాదని ఒడ్డింది ద్రాక్షసారాల జోర్జి. శరణాలయానికి సారా పోసేదీ అతనే. జోర్జి ధర్మకర్తల పెద్ద దగ్గరికి వెళ్లి చెవిలో ఏం చెప్పాడో గానీ ఒప్పందం కుదిరింది. మగవాళ్లు గ్యాలరీ ఎక్కకూడదు కనక రైమర్స్ భార్య గెసినా పండగ రోజు పైన కూర్చుని స్వయంగా చూస్తుంది. జాలీ వెనకనుంచే భర్తకు సైగ చేస్తుంది.

"బయటికొచ్చాక చెబితే చెల్లదు. జోర్జి సారా రెండు గ్లాసులు పడితే ఎవరైనా ఏదైనా చెబుతారు" అన్నాడు రైమర్స్. ఆ సైగ ఏమిటో మొగుడూ పెళ్లాలే ఇంట్లో అనుకున్నారు. జోర్జి దొంగసైగ చేయిస్తాడని వాళ్ల భయం. ఊరికి వచ్చి నెల కాలేదు. ఎవరినీ అడగలేదు.

"ఆడదేనని సైగ అందితే ఆవిడే పాడుతుంది. అందకపోతే మరుసటి ఆదివారం నుంచి వయొలిన్" అన్నాడు పెద్ద. అది ఒర్సొలా చెవిన పడింది.

పండగ సాయంత్రం గెసినా దొరసాని ఆయాసపడుతూ మెట్లెక్కి వచ్చింది. ఎర్ర గౌన్లు, తలల్లో దానిమ్మ పూలు, చేతుల్లో వయొలిన్లు. వెనక వరసలో ఒక పెద్దావిడ మేజోడు అల్లుకుంటోంది.

"ఆ సన్యాసి ఎక్కడమ్మా?" అంది గెసినా. చేపల బజారులో నేర్చుకున్న వెనిస్ మాట ఆవిడది.

"నేనే దొరసానిగారూ. కూర్చోండి" అంది పెద్దావిడ. గెసినా కూర్చోలేదు, కూలబడింది.

చరణం వచ్చింది. ఒర్సొలా మేజోడు ఒళ్లో పెట్టుకుని లేచింది. ఇదే ఆఖరిది కావచ్చని తెలుసు. అందుకే తొందరపడలేదు. ఒక్కొక్క మెట్టూ దిగింది. ఇక ఇంతే అనుకున్న చోట ఇంకోటి దిగింది. కూచున్న కుర్చీ వణుకుతుంటే గెసినా రెండు చేతులతో దాన్ని పట్టుకుంది.

పాట ఆగింది. గెసినా తేరుకుని జాలీ దగ్గరికి వెళ్లి గట్టిగా దగ్గింది.

అదే క్షణాన కింద గుడి మొత్తం దగ్గింది.

గెసినా మళ్లీ దగ్గింది. కింద ముక్కులు చీదారు. ఇంకోసారి దగ్గింది. కుర్చీలు గీరారు. కింద రైమర్స్ అరచెయ్యి చెవికి అడ్డం పెట్టుకుని, వందల దగ్గుల్లో పెళ్లాం దగ్గు వెతుక్కుంటూ తెల్లమొహం వేసుకుని నిలబడ్డాడు.

"వీళ్లందరికీ ఏం రోగం!" అంది గెసినా, దగ్గీ దగ్గీ కళ్లనీళ్లు పెట్టుకుని.

"మీ సైగ ఏమిటి దొరసానిగారూ?"

"దగ్గే! ఆడదైతే దగ్గమన్నారు, మగాడైతే విసనకర్ర కింద పడెయ్యమన్నారు."

ఒర్సొలా అక్కడికక్కడే బెంచీ మీద చతికిలబడింది. మెనెగా నవ్వాగక తల వయొలిన్ వెనక దాచుకుంది. "ఈ ఊళ్లో, ఈ గుళ్లో, దగ్గు ఎంచుకున్నారా తల్లీ! మెచ్చుకుంటే దగ్గుతారిక్కడ!" అంది ఒర్సొలా. నవ్వబోయింది గానీ నవ్వు సగంలోనే ఆగింది. మేజోడు తీసి మళ్లీ అల్లడం మొదలుపెట్టింది. వచ్చే ఆదివారం నుంచి చేతులకు పని కావాలి కదా.

గెసినా ఆ చేతుల వంక చూసింది. తరవాత జాలీకి నోరు ఆనించి, చేపల బజారులో నేర్చిన గొంతంతా పెట్టి అరిచింది.

"ఏమండీ! వినబడుతోందా? ఆడదే! నిక్షేపంలాంటి ఆడమనిషి! ఇక్కడ కూచుని మేజోడు అల్లుతోంది! పీపా కట్టండి!"

గుడిలో దగ్గులు ఠక్కున ఆగాయి. బలిపీఠం దగ్గర నిలబడ్డ పెద్ద ఫాదరు పుస్తకం మూశాడు. వెనక వరసలో జోర్జి మెల్లిగా, మర్యాదగా, ఒక దగ్గు దగ్గాడు. ఆ తరవాత లేచిన దగ్గుకి కొవ్వొత్తుల మంటలు పక్కకి వాలాయి.

సైగ అందలేదని ధర్మకర్తల పెద్ద అనలేకపోయాడు. ఊరందరికీ అందింది. చరణం ఒర్సొలాదే అయింది. గుడిలో అరిచినందుకు ఇక పైన బయటివాళ్లెవరూ గ్యాలరీ ఎక్కకూడదని మాత్రం కొత్త నియమం పెట్టారు. మల్వాజియా పీపాలో సగం జోర్జి శరణాలయానికి పంపాడు. ఆ రాత్రి ఒర్సొలా తన కవ్వళ్లు తిని, మెనెగావి కూడా తింది.

డోన్ ఇసెప్పో రాసినవాటిల్లో ఇప్పటికీ పరదేశాల వాళ్లు వచ్చి నకలు రాయించుకుపోయేది ఆ కీర్తనే. డ్రెస్డెన్‌లో, వియన్నాలో ఆ సముద్రం చరణం సన్యాసులే పాడతారట. విని వచ్చినవాళ్లు పెదవి విరుస్తారు. ఆఖరి మెట్టు సరిగా దిగడం లేదంటారు.

ఒర్సొలా దాన్ని అరవై మూడో ఏటి దాకా పాడింది.