గుర్రం తిన్నాకే

మొన్న గుంటూరులో ఒక పెళ్లి భోజనంలో ఉలవచారు వడ్డించారు. చిన్న గిన్నెలో, పైన మీగడ వేసి, అదేదో అపురూపమైన వస్తువైనట్టు. నాకు నవ్వొచ్చింది. మా అత్తగారింట్లో ఉడికిన ఉలవలు గుర్రానివి, వార్చిన నీళ్లు మావి. ఆ నీళ్లే మాకు చారు.

వేటపాలెం స్టేషను దగ్గర మా మామగారు జట్కా తోలేవారు. ఎనభైల మొదట్లో నేను కాపురానికి వచ్చేసరికే ఆయన పోయారు, పగ్గాలు అత్తగారు పట్టారు. ఆడది బండి తోలడమేమిటని ఊరంతా బుగ్గలు నొక్కుకుంది. ఆవిడ లెక్కచేస్తేనా! తెల్లారుతూనే లద్ది ఎత్తి, కొబ్బరి పీచుతో గుర్రం ఒళ్లు రుద్ది, గిట్టల్లో ఇరుక్కున్న రాళ్లు తీసి, నీళ్లు పట్టి, ఉలవల్లో తవుడు కలిపి సంచిలో పోసి మూతికి కట్టేవారు. అది తినేదాకా ఇంట్లో ఎవరికీ కాఫీ లేదు. కొత్త కోడలినని నన్ను వదిలిపెట్టిందీ లేదు. ఆ గుర్రం తీరిగ్గా నములుతుంటే కడుపు మాడి దాన్ని ఎన్ని తిట్టుకున్నానో.

ఆవిడ పెద్దకొడుకు, అంటే మా బావగారు, ఆటో కొన్నాక గుర్రాన్ని అమ్మేద్దామని పట్టుబట్టారు. "చర్చికి కూడా అందరూ ఆటోల్లోనే వస్తన్నారమ్మా" అన్నారొకరోజు.

"ఏసుప్రభువు గాడిదనెక్కి పోయాడురా, ఆటో ఎక్కలా" అన్నారు అత్తగారు.

అలాంటిది, ఒక మిరపకోతల కాలంలో గుర్రం ఉన్నట్టుండి దాణా మానేసింది. గడ్డి కొరికేది గానీ, మూతికి సంచి కట్టగానే తల విదిలించి, తుమ్మి, వెనక్కి పోయేది. ఉత్త గడ్డితో బండి లాగే గుర్రం నిలుస్తుందా? డొక్కలు తేలాయి. ముసలిదైపోయిందని బావగారు బేరగాణ్ణి వెంటబెట్టుకొచ్చారు. వాడప్పుడే పళ్లు చూస్తున్నాడు.

"ఖాళీ కడుపుతో నా వాకిలి దాటదు. తిన్నాకే మాట" అని అత్తగారు సంచి కట్టారు. గుర్రం మళ్లీ తుమ్మింది. ఆవిడ ఒక్క క్షణం దానికేసి చూసి, సంచి విప్పి, తన మొహం అందులో పెట్టారు. ఇక చూడండి, తుమ్ములే తుమ్ములు, కళ్ల వెంట ధారలు. పాత సంచి చిరిగితే బావగారు మిరపకాయల గోతం కత్తిరించి కుట్టించిన సంచి అది. మిరపకాయల్లోనే పుట్టి పెరిగిన మా ముక్కులకు ఆ ఘాటు పట్టనే లేదు. నోరులేని జీవం, పాపం, ఎవరితో చెప్పుకుంటుంది?

అత్తగారు తను అన్నం తినే పళ్లెంలో ఉలవలు పోసి పెట్టారు. గుర్రం తల ఎత్తకుండా తింది. నాకు ఏడుపొచ్చింది. బేరగాడు కదలబోతే, "కాఫీ తాగి పో నాయనా. ముందు దాన్ని తిననీ" అన్నారావిడ, ముక్కు తుడుచుకుంటూ. వాడూ, బావగారూ వాకిట్లోనే నిలబడ్డారు.

ఆ గుర్రం చివరిదాకా ఆవిడ చేతి మేతే తిని మా దొడ్లోనే పోయింది. కాలం ఎవరి కోసమూ ఆగదంటారు. నేనొప్పుకోను. ఆ పొద్దున అది మా వాకిట్లో, గుర్రం తినేదాకా, ఆగింది.