ఇరవై రేకుల ఇంటికి అసలు ధర

మా ఆయనకు ఒక నమ్మకం ఉండేది. వేలిముద్ర పడిన కాగితం ఏదైనా సరే, ఐదేళ్లకు దానంతట అదే చచ్చిపోతుందని. ఆయనను తప్పుపట్టను. అప్పటికి ఆయన జన్మలో వేసిన వేలిముద్ర ఒక్కటే. మద్రాసు డిపోలో వేశాడు, ఓడెక్కాడు, ఫిజీలో దిగాడు, ఐదేళ్లు చెరకు నరికాడు, చివరి రోజున సర్దారు వచ్చి "ఖలాస్, పో" అన్నాడు. గిర్మిట్ అని మేము పిలుచుకునే ఆ కూలి ఒప్పందం అలా తీరిపోయింది. నాదీ అంతే. ఆవు ఈనడానికి తొమ్మిది నెలలు, కాగితం తీరడానికి ఐదేళ్లు. ఇందులో వాదించడానికి ఏముంది?

ఈ నమ్మకం వల్ల మేము కట్టుకున్న ఇల్లు ఒకటి, డబ్బు పోసిన ఇళ్లు మూడు. ఆయన ఉంటే ఈ సంగతి చెప్పనిచ్చేవాడు కాదు. ఇప్పుడు లేడు కనుక చెబుతున్నాను. నాకు చదువు లేదు. అంకెలు గుర్తుపడతాను, నా పేరులో మొదటి అక్షరం రాస్తాను, నా పాండిత్యం అక్కడితో సరి. అయినా నేను చెప్పే లెక్కను రాసేవాళ్లు సరిదిద్దనక్కర లేదు. అది కారుతున్న ఇంట్లో కూర్చుని నేర్చుకున్న లెక్క, తప్పు ఉండదు.

గిర్మిట్ తీరాక వునిమోలిలో కాస్త నేల లీజుకు తీసుకుని చెరకు వేశాం. ఉండడానికి గడ్డి ఇల్లు. వాన పడితే లోపల కూడా పడేది. వాన లేని రోజు కప్పులోంచి జెర్రులు పడేవి. ఒకరోజు మా ఆయన కంచంలో అన్నం మీద జెర్రి పడితే నేను ఇక ఆగలేదు.

"రేకుల ఇల్లు కావాలి మావా."

"కూలి లైన్లలో ఐదేళ్లు రేకుల కిందే కదే ఉడికిపోయాం? పొద్దున లేస్తే ఆ రేకుల్నే తిట్టేదానివి."

"అవి ఎస్టేటు వాళ్ల రేకులు. ఇవి మనవి."

ఆ 'మనవి' అన్న మాట ఆయనకు బెల్లం ముక్కలా తగిలింది. మర్నాడే ఓడ అన్న దగ్గరికి బయల్దేరాడు.

ఓడ అన్న అంటే మాతో ఒకే ఓడలో వచ్చినవాడు. ఇక్కడ మా వాళ్ల లెక్కలో ఒకే ఓడలో కలిసి వాంతులు చేసుకున్నవాళ్లు సొంత తోబుట్టువుల కన్నా ఎక్కువ. నేను వాంతి చేసుకుంటుంటే బకెట్టు పట్టుకున్నాడు కనుక నాకు అన్న, మా ఆయనకు బావ. గిర్మిట్ తీరాక మేము నేల పట్టుకుంటే అతను త్రాసు పట్టుకున్నాడు. చక్కెర మిల్లుకు పోయే దారిలో కొట్టు పెట్టి, నాలుగేళ్లు తిరిగేసరికి అప్పులిచ్చే షావుకారు అయ్యాడు.

ఇరవై పౌన్లు ఇచ్చాడు. కట్టబోయే ఇల్లే తాకట్టు. నెలకు పది షిల్లింగులు, అంటే అర పౌను, వడ్డీ. కాగితం మా ముందే గడగడా చదివాడు. ఆ వేగానికి హిందీలో చదివాడో ఇంగ్లీషులో చదివాడో కూడా మాకు అందలేదు. మా ఆయన మాత్రం జడ్జీలా తలూపుతూ విని, చివరికి ఒకే ఒక్క ప్రశ్న అడిగాడు.

"వేలు ఎక్కడ పెట్టమంటావు బావా?"

ఇల్లు లేచింది. ఇరవై రేకులు, రెండు గదులు, ఒక వరండా. ప్రతి నెలా పది షిల్లింగులు ఇచ్చి వచ్చి మా ఆయన గుమ్మం పక్క స్తంభం మీద కత్తితో ఒక గాటు పెట్టేవాడు. ఒక్క నెల ఎగ్గొట్టలేదు. అరవయ్యో గాటు పెట్టిన రోజు, తలపాగా ఉతికి ఆరేసి, "రేపు మన ఇల్లు మనదవుతుంది, మేకను కోద్దాం" అన్నాడు. మేకకు, బియ్యానికి, నెయ్యికి మూడు పౌన్లు కావాలి. చేతిలో లేవు. ఓడ అన్న కొట్లోనే అరువు పెట్టాడు. అప్పు తీరిన పండగకు అప్పు చేశామన్న సంగతి ఆ రోజు మా ఇద్దరిలో ఎవరికీ తట్టలేదు.

మర్నాడు పొద్దున్నే మేక పొయ్యి మీద ఉడుకుతుండగా పది మందిమి కొట్టుకు వెళ్లాం. ఒకడు డోలు కూడా తెచ్చాడు.

"కాయితం ఇచ్చెయ్ బావా," అన్నాడు మా ఆయన.

"ఏ కాయితం?"

"ఇంటి కాయితం. ఐదేళ్లయింది. ఖలాస్."

ఓడ అన్న డోలు వంక చూశాడు, మా వంక చూశాడు. "బావా, నువ్వు అసలు ఇవ్వలేదు కదా," అన్నాడు.

మా ఆయన మొహం వంకాయ రంగుకు తిరిగింది. "అసలు ఇవ్వలేదా? నెలనెలా నీ చేతిలో పోసిందేంటి, బూడిదా?"

"ఇచ్చావు బావా. ఇవ్వలేదని ఎవరన్నారు? అసలు ఇవ్వలేదంటున్నాను."

"విన్నారా! ఒక నోటితో ఇచ్చావంటాడు, అదే నోటితో అసలు ఇవ్వలేదంటాడు!"

డోలు తెచ్చినవాడు ముందుకు వచ్చాడు. "నేను సాక్ష్యం చెబుతాను. ఈయన ఇవ్వడం నా రెండు కళ్లతో చూశాను."

"వడ్డీ ఇవ్వడం చూశావు. అసలు ఇవ్వడం చూశావా?"

"అసలు ఇవ్వడమేంటి? ఉత్తుత్తిగా ఇస్తారా ఎవరైనా?"

ఓడ అన్న తల పట్టుకున్నాడు. పక్కనున్న గంపలోంచి ఒక కోడిని కాళ్లు పట్టి ఎత్తాడు. "చూడు బావా. ఈ కోడిని నీకిచ్చానుకో. నువ్వు రోజూ నాకు గుడ్డు ఇస్తున్నావు. గుడ్లు ముట్టాయి. నా కోడి ఏది?"

"నీ కోడి మా ఇంటికి ఎప్పుడొచ్చింది? ఇప్పుడు కోడి దొంగతనం కూడా అంటగడతావా?"

ఆ గొడవకు పక్క కొట్టు ముసలాయన, హిందూస్థానీ మనిషి, బయటికి వచ్చి ఏమైందని అడిగాడు. ఓడ అన్న హిందీలో రెండు ముక్కలు చెప్పాడు. "బ్యాజ్ దియా. మూల్ నై దియా."

తెలుగులో అరగంట కొట్టుకున్నా దిగని మాట, లైన్లలో వంటబట్టిన హిందీలో ఒక్క క్షణంలో నా తలలోకి దిగింది. వడ్డీ ఇచ్చాం. మూలధనం ఇవ్వలేదు. 'అసలు' అంటే అది. మా ఇరవై పౌన్లు ఐదేళ్ల కిందట ఎలా ఉన్నాయో అలాగే, ఒక్క పెన్నీ తరగకుండా, కాళ్లు చాపుకుని కూర్చుని ఉన్నాయి. ఆ ఇరవైనీ ఒకేసారి తెచ్చి కడితేనే కాగితం వస్తుందట. అంతవరకూ నెలనెలా వడ్డీ. ఒక నెల తప్పితే ఇల్లు అతనిది, మేము మళ్లీ జెర్రుల కిందికి.

డోలు మోగకుండా ఇంటికి వచ్చాం. వండిన మేకను లేపి మళ్లీ కొట్టంలో కట్టలేం కదా, అందరూ కూర్చున్నారు. మొదటి ముద్ద చావింట్లో తిన్నట్టు తిన్నారు. రెండో ముద్దకు కారం సరిపోయిందన్నారు. మూడో ముద్దకు ఎముకల కోసం పోట్లాడుకున్నారు. ఆ మూడు పౌన్లనూ ఓడ అన్న అసలుకు కలిపేశాడు.

అందరూ వెళ్లాక నేను గది మధ్యలో వెల్లకిలా పడుకుని కప్పు వంక చూశాను. ఇరవై రేకులు. ఇరవై పౌన్లు. రేకుకు ఒక పౌను. నాకు వచ్చిన అంకెలకు ఈ లెక్క సరిగ్గా సరిపోయింది.

"మావా, ఏడాదికి వడ్డీ ఆరు పౌన్లు. అంటే ఆరు రేకులు. ఐదేళ్లకు ఎన్ని?"

ఆయన వేళ్లు మడిచాడు, నా వేళ్లు కూడా తీసుకుని మడిచాడు. "ముప్పై."

"పైన ఎన్నున్నాయి?"

"ఇరవై." మడిచిన వేళ్లన్నీ విప్పి చూసుకుని, "మరి తక్కిన పది ఎక్కడున్నాయే?" అన్నాడు.

"నీ బావ కొట్టు మీద."

నేను ఎగతాళికన్నాను. ఆయన పొద్దున్నే వెళ్లి, కొట్టు వెనకాల కొత్తగా లేచిన గోదాము రేకులు లెక్కపెట్టుకుని వచ్చాడు. "పద్నాలుగు ఉన్నాయే. పది మనవి. ఆ నాలుగు ఎవరివో పాపం," అన్నాడు.

"ఇలాగే కడుతూ పోతే ఇంకో పదేళ్లకు ఇంకో అరవై రేకులవుతాయి మావా. ఆ రేకులతో మిల్లు సగం కప్పొచ్చు. అప్పటికీ మన నెత్తి మీద ఒక్కటీ మనది కాదు."

ఆయన ఆ రోజు అన్నం తినలేదు. మేక మిగిలింది కనుక అది తిన్నాడు.

ఆ తర్వాత పెద్ద గాలివాన వచ్చి ముందు గదిలో రేకుకు మేకులు వదిలాయి. మా ఆయన నిచ్చెన వేసి ఎక్కుతుంటే నేను దిగమన్నాను. ఎవరి రేకని ఎక్కుతున్నావు, దిగు అన్నాను. వడ్డీ రోజున ఓడ అన్న గొడుగు వేసుకుని తనే వచ్చాడు. డోలు రోజు తర్వాత మమ్మల్ని కొట్టుకు రమ్మనాలంటే అతనికి భయం. బయట కుండపోత. నేను బల్లను సరిగ్గా ఆ రేకు కిందికి జరిపాను.

"కూర్చో అన్నా."

కూర్చున్నాడు. నెత్తి మీద టప్ మంది. "చెల్లీ, కారుతోంది."

"అవునన్నా, కారుతోంది."

పక్కకు జరిగాడు. అక్కడా టప్. "బావా, రెండు మేకులు కొట్టుకోవచ్చు కదా?"

"నీ ఇల్లు కదా బావా," అన్నాడు మా ఆయన. ఈ ఒక్క ముక్కా ఆయనకు పొద్దుటి నుంచి పది సార్లు చెప్పించాను.

"ఈ ఇల్లు ఎవరిదో నువ్వే చెప్పన్నా," అన్నాను.

"తాకట్టు తీరేదాకా నాదే అనుకో."

"అయితే నువ్వే ఎక్కు. ఆయన నిచ్చెన పట్టుకుంటాడు."

"ఉండేది మీరు!"

"అయితే ఇల్లు మాదేనా?"

"మీదెలా అవుతుంది?"

"అయితే ఎక్కు."

టీ ఇచ్చాను. కప్పులో కూడా టప్ మంది. అతను పైకప్పు వంక చూసి, "మేకులు నా కొట్లో ఉన్నాయి, అరువుకిస్తాను," అన్నాడు.

"మొన్న మేక అరువు, ఇప్పుడు మేకులు అరువా? వద్దన్నా. రేకులన్నీ ఇలాగే తుప్పు పట్టి ఊడిపోనీ. అప్పుడు నీ తాకట్టులో ఏం మిగులుతుంది? నేనూ, మీ బావా."

"బావను నేనేం చేసుకోను చెల్లీ?"

"నాకూ అదే తెలియడం లేదు."

నవ్వాడు. నవ్వితే మనిషి మళ్లీ ఓడలో బకెట్టు పట్టుకున్న మనిషే. అప్పుడు అసలు మాట అడిగాను. ఇరవై మూడు పౌన్లు ఒకేసారి మా జన్మలో తేలేం. ఒక్కొక్క పౌను ఇస్తాం, తీసుకో. ఇచ్చిన పౌనుకు ఒక రేకు మాది, దాని మీద వడ్డీ ఆగిపోవాలి, దాని కారుడు కూడా మాదే. అతను తల తుడుచుకుంటూ లెక్క వేశాడు. పౌనుకు నెలకు ఆరు పెన్నీల వడ్డీ తగ్గుతుంది. ఇంకో చుక్క పడింది.

"సరే," అన్నాడు. "కానీ కారే రేకు ముందు కొనుక్కోవాలి."

ఆ మాట ఆ కాగితం మీదే రాయించాను. మిల్లు గుమాస్తాతో చదివించుకున్నాను. మళ్లీ చదవమన్నాను. 'అసలు' అని రాసిన చోట వేలు పెట్టి చూపించమన్నాను.

మొదటి పౌను కట్టిన రోజు మా ఆయన మంచాన్ని ఆ రేకు కిందికి లాక్కుని, సొంత రేకు కింద పడుకుంటున్నానని పడుకున్నాడు. మేకులు ఇంకా కొట్టలేదు. తడుస్తూనే నిద్రపోయాడు.

తర్వాత నాలుగేళ్లు పట్టింది. నేను పాలు, గుడ్లు, గుమ్మడికాయలు అమ్మాను. చెరకు ఆడే నెలల్లో ఆయన మిల్లులో బస్తాలు మోశాడు. పౌను కట్టినప్పుడల్లా ఆరు పెన్నీలు తగ్గేవి, ఆ ఆరు పెన్నీలు మళ్లీ డబ్బాలో పడేవి. చివరికి మిగిలినవి మేక తాలూకు మూడు పౌన్లు. ఒక్క పూటలో తిన్న మేకకు నాలుగేళ్లు వడ్డీ కట్టాం. అంత నెమ్మదిగా మేకను తిన్నవాళ్లు ఈ దీవిలో ఇంకెవరూ ఉండరు.

మొత్తం అరవై ఏడు పౌన్లు. ఇరవై పౌన్ల ఇంటికి. మొదటి రోజునే ఎవరైనా ఇది మూడిళ్ల ధర అని చెప్పి ఉంటే, జెర్రిని తీసి పారేసి ఆ అన్నం తినేసేవాళ్లం. కానీ ఎవరూ చెప్పలేదు, మేమూ అడగలేదు. నెలకు ఎంతో విని ఊరుకున్నాం, అన్నీ కలిపి ఎంత అని అడగలేదు.

ఆఖరి పౌను నేనే కొట్టు బల్ల మీద పెట్టాను. ఓడ అన్న కాగితం తీసి మా ఆయన చేతిలో పెట్టాడు.

"ఖలాసేనా బావా?"

"ఖలాస్."

"అసలు కూడా?"

"అసలు కూడా."

మా ఆయన కళ్లు తుడుచుకున్నాడు. ఓడ అన్నా తుడుచుకున్నాడు. తుడుచుకుంటూనే సొరుగు తెరిచాడు. "పక్క నేల లీజుకు వస్తోంది బావా. మంచి నల్లరేగడి. ముప్పై పౌన్లు. నీలాంటి నమ్మకస్తుడికి నెలకు ఎంతో పడదు, చిన్న కాయితం."

"నెలకెంత?" అన్నాడు మా ఆయన. అప్పటికే ఆయన బొటనవేలు సిరా డబ్బాలో ఉంది.

ఆ వేలును గుప్పిట్లో గట్టిగా పట్టుకుని, కొట్టు మెట్లు దింపి, రోడ్డు మీద నడిపించుకుంటూ తీసుకొచ్చాను. నా చేయంతా సిరా అయింది.

"వదలవే, జనం చూస్తున్నారు."

"చూడనీ."

"నల్లరేగడంట కదే."

చెరకు బండ్ల పట్టాలు దాటేదాకా వదల్లేదు.